మా నాన్న కట్టిన కొండలు, మనవాళ్ళు పూడ్చిన చెరువు

మా నాన్న కొండలు చేసేవాడు. చిన్నప్పుడు బళ్ళో ఎవరైనా "మీ నాన్నేం చేస్తార్రా" అని అడిగితే అదే చెప్పేవాణ్ణి. అబద్ధం కూడా కాదు. వడపళనిలో వాహినీ స్టూడియోలో ఆయన సెట్ వడ్రంగి. సరుగుడు బాదులతో చట్రం కట్టి, దాని మీద కోళ్ళగూటి జాలీ బిగించి, గోనెపట్టాలు ప్లాస్టర్‌లో ముంచి పరిచేవాళ్ళు. అది ఆరాక పెయింటర్లు వచ్చి నాచు, నీడ, మంచు వేసి పోయేవాళ్ళు. పొద్దున గోనెపట్టా, సాయంత్రానికి కైలాసం. షూటింగ్ అయిన మర్నాడు అదే చేత్తో కైలాసాన్ని పగలగొట్టి, మేకులు పీకి డబ్బాలో వేసుకుని, ఆ బాదులతోనే ఇంకో సినిమాకి అడవి కట్టేవాళ్ళు.

తెనాలి దగ్గర పల్లె నుంచి 1969లో మద్రాసు వచ్చాడు నాన్న. తమిళ మేస్త్రీలు ఆయన్ని పేరుతో పిలిచిన గుర్తు లేదు, 'ఆశారి' (వడ్రంగి) అంటే సరిపోయేది. ఆయనకి పని నేర్పిన పెద్ద మేస్త్రి తాను 'మాయాబజార్' సెట్ల మీద పనిచేశానని చెప్పుకునేవాడట. 1957లో వచ్చిన ఆ సినిమాలో ద్వారక కోసం కళాదర్శకులు గోఖలే, కళాధర్‌ల ఆధ్వర్యంలో దాదాపు 300 బొమ్మ ఇళ్ళు కట్టి, వాటిలో దీపాలు పెట్టి, మార్కస్ బార్ట్‌లీ కెమెరాతో పట్టణం చేశారు. మా మేస్త్రి వాటిలో ఎన్ని ఇళ్ళు కట్టాడో తెలీదు కానీ, తాగినప్పుడల్లా ఆ లెక్క పెరిగేదని నాన్న నవ్వుతాడు.

ఇదంతా ఎందుకు చెబుతున్నానంటే, ద్వారక ఎలా ఉంటుందని ఏ తెలుగువాణ్ణి అడిగినా మనసులో మెదిలేది ఆ బొమ్మ ఇళ్ళే. ఎన్నడూ లేని ఊరు మూడు తరాలుగా మనకి గుర్తుంది. ఆ బొమ్మ ఊరు కట్టిన ఫ్లోర్లకి కాస్త దూరంలోనే మైళ్ళ పొడవున ఒక నిజం చెరువు ఉండేది. దాని సంగతి మాత్రం ఎవరికీ గుర్తు లేదు.

నేను సినిమా ఎడిటర్ని. వారమంతా ఇతరులవి కోస్తాను, ఆదివారాలు నావి తీసుకుంటాను. నావి అంటే కథ లేనివి, పాట లేనివి, టికెట్టు అసలే లేనివి. ఎక్స్‌పెరిమెంటల్ అంటారు. "ఫెయిలైతే తిట్టకండి అని ముందే చెప్పుకోవడానికి పెట్టిన పేరు అది" అంటాడు మా సౌండ్ ఇంజనీరు. గత మూడేళ్ళుగా మా వెస్ట్ మాంబళంలో లేక్‌వ్యూ రోడ్డు మీద ఒక సినిమా తీస్తున్నాను. ఆ రోడ్డులో నిలబడి ఎటు తిరిగినా లేక్ కనబడదు. మందుల షాపు, మెస్, కాఫీ పొడి దుకాణం, కోచింగ్ సెంటరు బోర్డు, ఇవే వ్యూ.

చెరువు ఉన్న మాట నిజం. లాంగ్ ట్యాంక్ అనేవాళ్ళు ఇంగ్లీషులో. నుంగంబాకం నుంచి సైదాపేట వైపు సాగిన పొడుగాటి చెరువు, అందులో మన వైపుది మాంబళం చెరువు. 1920ల్లో జస్టిస్ పార్టీ ప్రభుత్వం దాన్ని ఎండగట్టి త్యాగరాయ నగర్ (ఇప్పటి టీ.నగర్) వేసింది. అప్పటి ముఖ్యమంత్రి పానగల్ రాజా మన తెలుగాయనే. ఎవరి పేరు పెట్టారో ఆ పిట్టి త్యాగరాయ చెట్టీ ఇంట్లోనూ తెలుగే. తర్వాత ఆ నేల మీదా, దాని చుట్టుపక్కలా ఇళ్ళు కట్టుకుని, అద్దెకుండి, పాండీ బజారులో సాయంత్రాలు తిరిగిన సినిమావాళ్ళలో సగం మంది మనవాళ్ళు. పూడ్చిందీ మనమే, పైన కాపురం పెట్టిందీ మనమే. నుంగంబాకంలో ట్యాంక్ బండ్ రోడ్డు, లేక్ ఏరియా వీధులు, ఇక్కడ లేక్‌వ్యూ రోడ్డు. నీళ్ళు పోయి పేర్లు మిగిలాయి.

ఇలాంటి చోటు దొరికితే ఎవడైనా ఏం తీస్తాడు? నేనూ అదే తీశాను. నా మొదటి వెర్షన్‌లో లేనిది లేదు. పాత స్టూడియో ఫొటోలు, కాస్త పసుపు రంగు, వెనక వేణువు, 'ఆ రోజుల్లో...' అని మొదలయ్యే నాన్న గొంతు. పదిహేను మంది కూర్చున్న చిన్న స్క్రీనింగ్‌లో వేస్తే ఇద్దరు ఏడ్చారు. నేను ఉబ్బిపోయి ఇంటికొచ్చి నాన్నకి టీవీలో వేసి చూపించాను. పన్నెండు నిమిషాలూ కదలకుండా చూసి, కళ్ళజోడు తీసి తుడుచుకుంటూ అన్నాడు: "బాగుంది కానీ, పోయినవాడి మీద తీసినట్టు తీశావేంట్రా? నేనింకా ఉన్నానుగా."

ఆ మాటకి తిరుగు లేదు. అప్పటినుంచి నాలో గట్టిపడిన అభిప్రాయం ఒకటే, దాని కోసమే ఈ వ్యాసం. జ్ఞాపకం గురించి సినిమా తీయాలంటే పాతది చూపించకూడదు. ఇప్పుడున్న నేలని చూపించాలి, అదీ చాలాసేపు. పాత ఫొటో పెట్టగానే ప్రేక్షకుడికి పని అయిపోతుంది. 'అయ్యో, పోయిందే' అనుకుని కాఫీకి లేస్తాడు. పోయింది అని తేల్చేసుకోవడమంత హాయి ఇంకోటి లేదు, ఎందుకంటే పోయినదాని పట్ల మనకి బాధ్యత ఉండదు. చెరువు నిజంగా పోయి ఉంటే సరే. పోలేదు. అది పోలేదని మా వీధికి ప్రతి నవంబరులోనూ తెలుస్తుంది.

నాస్టాల్జియా మీద నాకున్న కోపం కొంత నా మీద కోపమే అనుకోండి. ఎడిటింగ్ సూట్లో నా చేతుల మీదుగా ఎన్ని 'మా ఊరు' వీడియోలు వెళ్ళాయో లెక్కలేదు. డ్రోన్ పైకి లేస్తుంది, పొలాలు, గుడి గోపురం, పొద్దుగూకే వేళ, నేపథ్యంలో పాట. అంత ఎత్తు నుంచి చూస్తే ఏ ఊరైనా మా నాన్న చేసిన సెట్టులాగే ఉంటుంది. మేకులు కనబడవు.

ఈ దారిలో నాకంటే ముందు నడిచినవాళ్ళ గురించి కొంచెం చెప్పాలి. జోనాస్ మెకాస్‌ది లిథువేనియాలో ఒక పల్లె. యుద్ధంలో ఊరు వదిలి, 1949లో న్యూయార్క్ చేరి, చేరీ చేరగానే ఒక బోలెక్స్ కెమెరా కొనుక్కున్నాడు. 1971లో మళ్ళీ సొంతూరు వెళ్ళి, అమ్మనీ, బావినీ, గడ్డినీ తీసుకొచ్చి 1972లో సినిమా చేశాడు. అది చూస్తే ఊరు వదిలిన ఎవరికైనా గొంతులో అడ్డం పడుతుంది. అందులో షాట్లన్నీ గబగబా, రెప్పలు కొట్టినట్టు ఉంటాయి. మనసు అలా పనిచేస్తుందని విమర్శకులు రాస్తారు. అదీ నిజమే కావచ్చు. కానీ బోలెక్స్ స్ప్రింగుతో నడిచే కెమెరా. కీ తిప్పితే అర నిమిషం లోపే ఆగిపోతుంది. మెకాస్ జ్ఞాపకం ఆ స్ప్రింగు కొలతలో ఉంది.

అమెరికాలో జేమ్స్ బెన్నింగ్ దీనికి పూర్తిగా ఉల్టా. 2004లో చెరువుల మీద ఆయన తీసిన సినిమాలో పదమూడు చెరువులు, పదమూడు షాట్లు, ఒక్కొక్కటి పది నిమిషాలు. కెమెరా కదలదు. సగం నీళ్ళు, సగం ఆకాశం. పదహారు ఎంఎం ఫిల్ము 400 అడుగుల రీలు మామూలు వేగంతో పదకొండు నిమిషాల్లో అయిపోతుంది. ఆయన ఓపిక కొలత ఆ రీలు.

నా చేతిలో ఉన్నది ఫోను. దానికి స్ప్రింగూ లేదు, రీలూ లేదు, ఎంతసేపైనా తీయొచ్చు అనుకున్నాను. మే నెలలో ఒక పొద్దున అయిదుంబావుకి లేక్‌వ్యూ రోడ్డు పక్కన మా సందు మొదట్లో స్టాండు వేసి నొక్కాను. ఆరు కాకముందే, ఇరవైమూడో నిమిషంలో ఫోను వేడెక్కి దానంతట అదే ఆగిపోయింది. మద్రాసు ఉక్కపోత నా రీలు కొలత నిర్ణయించింది. ఆ ఇరవైమూడు నిమిషాల్ని నేను కోయలేదు. కోయకూడదనే వైరాగ్యమేం కాదు, మొదట అసలు అందులో కోసి దాచుకునేంతది ఏదీ కనిపించలేదు.

"ఏమీ జరగదు కదా" అని అందరూ అనే మాట ఇక్కడే వస్తుంది. మా బావగారు ఇంకో అడుగు ముందుకేసి "ఇదంతా కడుపు నిండిన బేరం" అన్నారు. ఆయనకి ఈఎంఐలు ఉన్నాయి, నాకూ ఉన్నాయి, కాబట్టి ఆ మాటకి నొచ్చుకోలేదు. కానీ ఒప్పుకోను కూడా. ఏమీ జరగదు అనేవాళ్ళు జరగడం అంటే మనిషి చేసేదే అనుకుంటారు. మా సందులో నేలకి కూడా పని ఉంది.

ఆ ఇరవైమూడు నిమిషాల్లో ఏముందో చెబుతాను. పాల ప్యాకెట్ల డబ్బాలు దింపే శబ్దం ముందు వస్తుంది, బండి తర్వాత కనబడుతుంది. ఒక కుక్క లేచి, చోటు మార్చి, మళ్ళీ పడుకుంటుంది. పదకొండో నిమిషంలో ఎదురింటావిడ బకెట్టుతో వచ్చి గుమ్మం ముందు నీళ్ళు చల్లుతుంది, ఊడుస్తుంది, ముగ్గు వేస్తుంది. రైలు కూత. ఇస్త్రీ బండి తోసుకుంటూ ఒకాయన. అంతే.

రెండో వెర్షన్ నాన్నకి చూపించినప్పుడు నాకు కాస్త టెన్షనే. పదో నిమిషానికి నిద్రపోతాడనుకున్నాను. పదకొండో నిమిషంలో ముందుకి వంగాడు.

"ఆగు. కాస్త వెనక్కి తిప్పు."

తిప్పాను. ఎదురింటావిడ నీళ్ళు చల్లింది.

"చూశావా? ఆవిడ చల్లింది తిన్నగా, నీళ్ళు పోయింది ఎడమకి. మళ్ళీ తిప్పు."

మళ్ళీ తిప్పాను. నిజమే. నీళ్ళు గుమ్మం ముందు పడి, ఒక్క క్షణం ఆగి, ఎవరో పిలిచినట్టు మెల్లగా ఎడమవైపు పాకాయి. రోడ్డు చదునుగానే ఉంది కంటికి. నలభై ఏళ్ళుగా నడుస్తున్నాను, ఎన్నడూ ఏటవాలు అనిపించలేదు. యాభై ఏళ్ళు ఫ్లోరు మీద రసమట్టం పెట్టి చూసిన కన్ను పట్టేసింది.

"ఎడమకంటే రైలు కట్ట వైపు," అన్నాను.

"చెరువు వైపు," అన్నాడు నాన్న.

నేను మూడేళ్ళు వెతికిన షాటు నా దగ్గరే ఉంది, నాకు కనబడలేదు. పాత ఫొటో ఏదీ చెప్పని సంగతి ఒక బకెట్టు నీళ్ళు చెప్పాయి. చెరువు ఎండగట్టి వందేళ్ళయింది, దాని పల్లం అలాగే ఉంది. 2015 డిసెంబరు ఒకటి రాత్రి వాన కురిసినప్పుడు మా కింది వాటాలో మోకాలి దాకా నీళ్ళు. 2021 నవంబరులో మళ్ళీ. టీ.నగర్‌లో దుకాణాల ముందు పడవలు వేశారని టీవీలో చూసి జనం ఆశ్చర్యపోయారు. చెరువులో పడవ వేస్తే ఆశ్చర్యమేముంది? మాంబళం కాలువ పూడిక, కాంట్రాక్టులు, ప్లాస్టిక్, ఇవన్నీ కారణాలే, కాదనను. కానీ అన్నిటికంటే పాత కారణం పల్లం.

ఈ రెండు వరదల మధ్య 2019 ఉంది, అది మర్చిపోతే కథ సగమే. ఆ వేసవిలో ఊరికి నీళ్ళిచ్చే నాలుగు జలాశయాలూ దాదాపు ఎండిపోయాయి. జూలైలో జోలార్‌పేట నుంచి రైల్లో నీళ్ళు తెచ్చారు. లేక్ వ్యూ అని పేరు రాసున్న బోర్డు కింద ప్లాస్టిక్ బిందెలు వరసగా పెట్టి మా వీధి ఆడవాళ్ళు లారీ కోసం నిలబడ్డారు. నా దగ్గర దాని షాటు లేదు, ఎందుకంటే నేనూ ఆ లైనులోనే ఉన్నాను. ఇంకో సంగతి. తెలుగుగంగ నీళ్ళు 1996లో మొదటిసారి పూండి జలాశయానికి చేరినప్పుడు మా ఇంట్లో పండగలా ఉంది. నాన్న గ్లాసుతో పట్టుకుని "ఇవి కృష్ణ నీళ్ళురా, మా తెనాలి కాలవలోకి పోవాల్సినవి" అన్నాడు. ఇంటి ముందు చెరువు ఎండగట్టుకుని నాలుగువందల కిలోమీటర్ల అవతల నుంచి నీళ్ళు తెచ్చుకున్న ఊరు ఇది. ఇందులో వ్యంగ్యం నేను కల్పించింది కాదు, మ్యాపులో ఉంది.

అయితే బెన్నింగ్‌తో నాకు ఒక పేచీ ఉంది. ఆయన షాట్లలో మనిషి మాట్లాడడు. చెరువు తనంతట తాను చెప్పుకుంటుంది. అమెరికా ఎడారుల్లో చెల్లుతుందేమో, మాంబళంలో కుదరదు. ఇక్కడ స్టాండు వేసిన రెండో నిమిషానికి ఎవరో ఒకరు వచ్చి "ఎన్న సార్, మెట్రో సర్వేయా?" అని అడుగుతారు. అడిగి ఊరుకోరు, చెబుతారు కూడా. ఈ చెప్పడాన్ని ఏం చేయాలి? కోసేస్తే అబద్ధం అవుతుంది. పెడితే టీవీ ఇంటర్వ్యూ అవుతుంది.

నాకు దారి దొరికింది సినిమాల్లో కాదు, కైఫీయతుల్లో, అంటే ఊరూరి సంగతులు రాయించిన పాత రాతప్రతుల్లో. కాలిన్ మెకంజీ 1815లో భారతదేశపు మొదటి సర్వేయర్ జనరల్ అయ్యాడు, దానికి చాలా ముందే దక్షిణాది అంతా తిరిగి భూములు కొలిచాడు. ఆయన గొలుసుతో కొలుస్తుంటే, ఏలూరు కావలి సోదరులు వెంకట బొర్రయ్య, వెంకట లక్ష్మయ్య, వెంకట రామస్వామి ఊరూరా తిరిగి కరణాల దగ్గరా, పెద్దల దగ్గరా ఆ ఊరి సంగతులు రాయించారు. బొర్రయ్య ముప్పయ్యేళ్ళు కూడా నిండకుండా 1803లో పోయాడు. ఆ కైఫీయతులు చాలావరకు మద్రాసులోనే, ప్రభుత్వ ప్రాచ్య లిఖిత పుస్తక భాండాగారంలో ఉన్నాయి. చదివి చూడండి, ఎంత వింతగా ఉంటాయో. ఊరి పేరు ఎలా వచ్చింది, చెరువు ఎవరు తవ్వించారు, పొలిమేర ఏ చెట్టు దగ్గర, ఏ దొర దోచాడు, ఏ దేవుడు కలలో కనబడ్డాడు, అన్నీ ఒకే గొంతులో, ఒకే వరసలో. ఏది చరిత్ర, ఏది పుక్కిటి పురాణం అని విడదీయరు. పక్క ఊరి కైఫీయతులో ఇంకోలా ఉంటే ఉండనీ.

నాకు ఇది ఎక్స్‌పెరిమెంటల్ సినిమా స్క్రిప్టులా కనిపించింది. ఒక పక్క గొలుసు కొలత, ఇంకో పక్క జనం మాట. రెండూ ఒకదాన్నొకటి సరిదిద్దవు. ల్యాండ్‌స్కేప్ సినిమా పడమటి దేశాల జబ్బు అనేవాళ్ళకి నేనిచ్చే జవాబు కూడా ఇదే. నేలని వరసగా చూసి, చెప్పింది చెప్పినట్టు రాసుకునే అలవాటు మన కరణాలకి రెండు వందల ఏళ్ళ కిందటే ఉంది. కెమెరా లేదు, అంతే.

అందుకే మూడో వెర్షన్‌లో బొమ్మ కదలదు, మాటలు మాత్రం వాటి ఇష్టం. నాన్నని వాహినీ ఉండిన చోటికి తీసుకెళ్ళాను. ఇప్పుడక్కడ ఆసుపత్రి, కల్యాణ మండపం, 2013లో వచ్చిన మాల్. ఎస్కలేటరు దగ్గర నిలబడి కాలితో నేల తట్టి "ఇదిగో, ఇక్కడే నేను కైలాసం కట్టింది" అన్నాడు. బయటికొచ్చాక పార్కింగ్ దగ్గర ఆగి "కాదు, ఇక్కడ" అన్నాడు. ఆటో ఎక్కాక మూడో చోటు చెప్పాడు. మూడూ ఉంచాను. ఎడిటర్‌గా చెయ్యి దురద పెట్టింది, ఒక్కటి ఉంచితే ఎంత శుభ్రంగా ఉంటుందో అని. కానీ ఒక్కటి ఉంచితే ప్రేక్షకుడు దాన్ని నమ్మేస్తాడు. మూడూ వింటే నేల వైపు చూస్తాడు.

చివరి షాటు పోయిన ఆదివారం తీశాం. నాన్నే అడిగాడు, "కంటితో చెబితే ఎవడు నమ్ముతాడు, లెవెల్ పెట్టి చూపిద్దాం" అని. తాపీవాళ్ళు వాడే పది మీటర్ల పారదర్శకం పైపు కొనుక్కొచ్చి అందులో నీళ్ళు నింపాం. ఒక కొస ఎదురింటి గుమ్మం దగ్గర నా చేతిలో, ఇంకో కొస రైలు కట్ట వైపు కాంపౌండు గోడ దగ్గర ఆయన చేతిలో. పైపులో నీళ్ళు రెండు వైపులా ఒకే మట్టంలో నిలబడతాయి. నా వైపు నేల నుంచి ఆ మట్టానికి ఎంత ఎత్తో, ఆయన వైపు ఎంతో కొలిస్తే తేడా తెలుస్తుంది. కెమెరా స్టాండు మీద ఉంది. సుద్దముక్కతో గోడ మీద గీత గీశాడు. నా వైపు కంటే ఆయన వైపు నాలుగు వేళ్ళు ఎక్కువ వచ్చింది, అంటే ఆ పక్క అంత పల్లం. పది మీటర్లలో నాలుగు వేళ్ళు.

ఇస్త్రీ బండాయన చూస్తూ ఉన్నవాడు వచ్చి, ఆ గీతకి బాగా పైన, తన నడుము దగ్గర చెయ్యి పెట్టి, 2015లో నీళ్ళు ఇక్కడిదాకా వచ్చాయన్నాడు. నాన్న ఒప్పుకోలేదు, అంత లేదు, మోకాలే అన్నాడు. "మీది మేడిల్లు సార్, నాది బండి" అన్నాడాయన తమిళంలో. ఇద్దరూ గోడ ముందు నిలబడి చేతులు పైకీ కిందకీ పెడుతున్నారు, సుద్దగీత వాళ్ళ మధ్యలో ఉంది. నేను పైపు పట్టుకుని కదలకుండా ఉన్నాను.

అప్పుడు నాన్న తన కొస వెలుతురులోకి ఎత్తి చూసి, ముఖం చిట్లించి అరిచాడు.

"ఒరేయ్, పైపులో బుడగ ఉంది. ఈ లెక్క చెల్లదు. నీ వైపు కాస్త పైకెత్తు, అది బయటికి రానీ, మళ్ళీ చూద్దాం."